అద్దంలోంచి నడిచొచ్చిన మనిషి: పౌల్ వేగనర్ సినీ జీవితం

ఒక పేద విద్యార్థి గదిలోకి ఒక ముసలివాడు వస్తాడు. లక్ష బంగారు నాణేలు ఇస్తాను, బదులుగా ఈ గదిలో నాకు నచ్చింది ఒకటి తీసుకుపోతాను అంటాడు. ఆ గదిలో విలువైనది ఏముంది గనక? విద్యార్థి నవ్వుకుంటూ సంతకం పెడతాడు. ముసలివాడు నిలువుటద్దం వైపు చేయి చూపిస్తాడు. అద్దంలోని ప్రతిబింబం చట్రం దాటి గదిలోకి అడుగుపెట్టి, ముసలివాడి వెంట నడిచి బయటికి వెళ్ళిపోతుంది. విద్యార్థి అద్దం ముందుకొచ్చి నిలబడతాడు. అందులో ఎవరూ ఉండరు.

1913 ఆగస్టు 22న బెర్లిన్‌లో మొదటిసారి ప్రదర్శించిన ‘ప్రాగ్ విద్యార్థి’ అనే మూకీ సినిమాలోని దృశ్యమిది. విద్యార్థి బాల్డుయిన్‌గానూ, అతని ప్రతిబింబంగానూ నటించింది పౌల్ వేగనర్. అప్పటికి ఆయనకు 38 ఏళ్ళు. నాటకరంగంలో పెద్ద పేరున్నవాడు, సినిమాకు మాత్రం కొత్తవాడు.

జర్మన్ సినిమా చరిత్రలో వేగనర్ పేరు సాధారణంగా భయానక చిత్రాల అధ్యాయంలోనో, మనసులోని భావాలను వంకరతిరిగిన రూపాలతో చూపించే ఎక్స్‌ప్రెషనిజం అధ్యాయంలోనో కనిపిస్తుంది. ఆ రెండింట్లోనూ ఆయన పూర్తిగా ఇమడడు. ఆయన్ని వదలకుండా పట్టుకున్న ప్రశ్న ఒకటుంది. నాటకం చేయలేనిది, పుస్తకం చేయలేనిది, కెమెరా మాత్రమే చేయగలిగేది ఏమిటి? ఈ ప్రశ్నకు తనతో కలిసి జవాబు వెతికే పనివాళ్ళు పక్కనున్నంత కాలం ఆయన గొప్ప సినిమాలు తీశాడు. వాళ్ళు దూరమయ్యాక, భారీ విగ్రహం ఉన్న ఒక మంచి నటుడిగా మిగిలాడు.

వేగనర్ 1874 డిసెంబర్ 11న పశ్చిమ ప్రష్యాలోని ఆర్నాల్డ్స్‌డోర్ఫ్‌లో పుట్టాడు. ఆ ఊరు ఇప్పుడు పోలండ్‌లో ఉంది. ఫ్రైబుర్గ్, లైప్‌జిగ్‌లలో న్యాయశాస్త్రం చదవడానికి వెళ్ళి, అది మధ్యలో వదిలేసి నాటకాల్లోకి దూకాడు. చిన్నాచితకా ఊళ్ళ రంగస్థలాల మీద చాలా ఏళ్ళు తిరిగాక 1906లో మాక్స్ రైన్‌హార్ట్ నడిపే బెర్లిన్ డాయిచెస్ థియేటర్‌లో చేరాడు. రైన్‌హార్ట్ అంటే అప్పటి జర్మన్ నాటకరంగానికి తిరుగులేని పేరు. 1910లో రైన్‌హార్ట్ సర్కస్ డేరాలంత పెద్ద వేదికల మీద ఈడిపస్ అనే గ్రీకు విషాద నాటకాన్ని ప్రదర్శించినప్పుడు ఆ రాజు వేషం వేగనర్‌దే. వెడల్పు చెంపలు, సన్నటి వాలు కళ్ళు, బండలాంటి ఒళ్ళు. మామూలు ప్రేమికుడి వేషానికి పనికిరాని ఆ ముఖం వేల మంది కూర్చున్న చోట వెనక వరసదాకా కనిపించేది.

అలాంటి నటుడు సినిమాకు రావడం అప్పట్లో చిన్న విషయం కాదు. బెర్లిన్‌లో గౌరవం ఉన్న నాటక సంస్థలు సినిమాను సంతలో వినోదంగా చూసేవి. తమ నటులు కెమెరా ముందుకు వెళ్ళకూడదని నాటకశాలల యజమానులు 1912లో ఆంక్ష కూడా పెట్టారు. ఆ ఏడాది చివరికి అది సడలింది. 1913 మొదట్లో ఆల్బర్ట్ బాసెర్మన్ అనే మహానటుడు సినిమాలో నటించడంతో గేట్లు తెరుచుకున్నాయి. పేరున్న రచయితలతో కథలు రాయించి, పేరున్న నటులతో తీసే సినిమాల కాలం మొదలైంది. వాటిలో చాలావరకు నాటకాన్ని కెమెరా ముందు ఆడించడంతో సరిపెట్టుకున్నాయి. వేగనర్ తేడా ఇక్కడే.

ఆయనకు మొదటి ఊహ వచ్చింది నాటకం నుంచి కాదు, సరదా ఫొటోల నుంచి. ఒకే మనిషి తనతో తానే పేకాడుతున్నట్టు, తనతో తానే కత్తియుద్ధం చేస్తున్నట్టు చూపించే ట్రిక్ ఫొటోలు ఆ రోజుల్లో దొరికేవి. అవి చూసినప్పుడు, సినిమాలో ఇదే పని చేస్తే జర్మన్ రచయిత హాఫ్‌మన్ కథల్లోని వింత లోకాన్ని తెర మీదికి తేవచ్చని తనకు తోచినట్టు వేగనర్ తర్వాత చెప్పాడు. ఊహను కథగా మలిచింది హాన్స్ హైంట్స్ ఏవర్స్. దర్శకుడు డెన్మార్క్ నుంచి వచ్చిన స్టెల్లన్ రూ. కెమెరా గీడో జేబర్‌ది.

ఈ జేబర్ గురించి కాస్త ఆగి చెప్పుకోవాలి. ఈ సినిమా తీసిన బయోస్కోప్ కంపెనీకి సాంకేతిక పెద్ద ఆయనే. బెర్లిన్ పక్కన బాబెల్స్‌బెర్గ్‌లో 1912లో షూటింగులు మొదలైన గాజు స్టూడియో ఆయన చేతుల మీద లేచిందే. బాల్డుయిన్ ఇద్దరుగా కనిపించడానికి ఆయన కెమెరాను కదలకుండా బిగించేవాడు. లెన్స్ ముందు సగం భాగాన్ని నల్లటి మాస్క్‌తో మూసేవాడు. వేగనర్ ఒక పక్క నటిస్తే ఫిల్మ్ మీద ఆ సగంలోనే బొమ్మ పడేది. తర్వాత ఫిల్మ్‌ను వెనక్కి చుట్టి, మాస్క్‌ను రెండో పక్కకు మార్చి, వేగనర్‌ను ఈసారి ఇటువైపు నిలబెట్టేవాడు. అప్పటి కెమెరాలకు మోటార్ లేదు. ఆపరేటర్ చేత్తో పిడి తిప్పాలి. ఒక్కో చుట్టుకు ఎనిమిది ఫ్రేములు. రెండోసారి తిప్పినప్పుడు వేగం తేడా వస్తే, మొదటి బాల్డుయిన్ ఉలిక్కిపడే క్షణానికి రెండో బాల్డుయిన్ ఇంకా తలుపు దగ్గరే ఉంటాడు. నటుడికీ అంతే టెన్షన్. ఖాళీ గాలిని చూస్తూ, అక్కడ తానే నిలబడి ఉన్నట్టు భయపడాలి. గంట తర్వాత ఆ భయానికి కారణమైన మనిషిగా, కదలికలు లెక్కపెట్టుకుంటూ నటించాలి. ద్విపాత్రాభినయం చూస్తూ పెరిగిన తెలుగు ప్రేక్షకులకు ఈ కష్టం వెంటనే అర్థమవుతుంది. మన తెర మీద అన్నదమ్ములు దశాబ్దాలపాటు ఎదురెదురుగా నిలబడింది ఈ పద్ధతిలోనే.

నిజానికి ట్రిక్ అప్పటికే పాతది. ఫ్రాన్స్‌లో జార్జ్ మెలియెస్ 1898లోనే తన తలను నాలుగు తలలుగా చేసి చూపించాడు. అక్కడ అది గారడీ, జనం చప్పట్లు కొట్టి ఇంటికెళ్ళేవారు. ‘ప్రాగ్ విద్యార్థి’లో ట్రిక్ తీసేస్తే కథే లేదు. ప్రతిబింబం బాల్డుయిన్ వెంట పడుతుంది. చంపనని బాల్డుయిన్ మాటిచ్చిన మనిషిని ద్వంద్వయుద్ధంలో అది చంపేస్తుంది. చివరికి బాల్డుయిన్ దాని మీద తుపాకి పేలిస్తే నెత్తురు కారేది తన గుండె నుంచే. మనసు రెండుగా చీలిపోవడాన్ని వేదిక మీద మాటల్లో చెప్పాలి. ఇక్కడ కళ్ళ ముందు జరుగుతుంది. మనోవిశ్లేషకుడు ఒట్టో రాంక్ 1914లో ప్రచురించిన తన ప్రసిద్ధ వ్యాసాన్ని ఈ సినిమాతోనే మొదలుపెట్టడానికి కారణం అదే. వీధులు, మెట్లు, కోటగోడలు అసలు ప్రాగ్ నగరానివే కావడం ఇంకో బలం. రాళ్ళు నిజమైనవి కాబట్టే వాటి మధ్య నడిచే ప్రతిబింబం కూడా నిజమనిపిస్తుంది. రూ దర్శకత్వ జీవితం మాత్రం కొద్దికాలానికే ముగిసింది. జర్మన్ సైన్యంలో చేరి, 1914లో ఫ్రెంచివాళ్ళ చేతిలో యుద్ధఖైదీగా చనిపోయాడు.

ప్రాగ్‌లో షూటింగ్ చేస్తున్నప్పుడే వేగనర్‌కు అక్కడి యూదుల పాత కథ ఒకటి తగిలింది. 16వ శతాబ్దంలో రబ్బీ లోవ్ అనే మతగురువు తన జనాన్ని కాపాడుకోవడానికి మట్టితో గోలెం అనే బొమ్మను చేసి, మంత్రాక్షరంతో ప్రాణం పోశాడని ఆ కథ. ఆ తర్వాత ఎన్నేళ్ళయినా ఈ మట్టిమనిషి వేగనర్‌ను వదల్లేదు. మూడుసార్లు ఆ వేషం కట్టాడు. హెన్రిక్ గాలీన్‌తో కలిసి తీసిన మొదటి ‘గోలెం’ 1915 జనవరిలో వచ్చింది. అందులో కథ ఆధునిక కాలంలో జరుగుతుంది. బావి తవ్వుతుంటే దొరికిన బొమ్మను పాతసామాను వ్యాపారి కొని ప్రాణం పోస్తాడు. అది అతని కూతుర్ని ప్రేమిస్తుంది. ఈ సినిమాలో ఇప్పుడు కొన్ని తునకలే మిగిలాయి. 1917లో వచ్చిన రెండోది హాస్య చిత్రం, అది పూర్తిగా పోయింది.

మధ్యలో మొదటి ప్రపంచ యుద్ధం. వేగనర్ స్వచ్ఛందంగా సైన్యంలో చేరి పశ్చిమ రంగంలో పోరాడి, పతకం తీసుకుని తిరిగొచ్చాడు. 1916 ఏప్రిల్‌లో బెర్లిన్‌లో ఒక ఉపన్యాసం ఇచ్చాడు. సినిమా గురించి ఆ రోజుల్లో అంత స్పష్టంగా మాట్లాడినవాళ్ళు ఐరోపాలో చాలా తక్కువ. సినిమా అటు నాటకాన్నీ ఇటు నవలనూ మరచిపోవాలని, సినిమాకు అసలు కవి కెమెరాయే అయ్యుండాలని ఆయన వాదించాడు. చూసే కోణం మారడం, పరిమాణం పెరగడం తగ్గడం, అద్దాలతో చేసే మాయ, ఒకే ఫిల్మ్ మీద రెండు బొమ్మలు పడటం, ఇవే సినిమాకు పదాలూ అలంకారాలూ అన్నాడు. అక్కడితో ఆగలేదు. మనుషులూ కథా లేకుండా, కేవలం గీతలూ రూపాలూ కదులుతూ మారుతూ ఉండే కదలికల కవిత్వం ఒకటి రావచ్చని ఊహించాడు. అలాంటి నైరూప్య చిత్రాలు జర్మనీలో తెరకెక్కింది 1921లో. అంటే ఐదేళ్ళు ముందే వాటిని మాటల్లో చూశాడు.

ఆయన ఆలోచనలకు కట్టుబడిపోయిన ఒక పదహారేళ్ళ బెర్లిన్ అమ్మాయి లోట్టే రైనిగర్. కాగితం కత్తిరించి నీడబొమ్మలు చేయడంలో ఆరితేరిన పిల్ల. వేగనర్ దగ్గరికి చేరాలని రైన్‌హార్ట్ నటనశాలలో సీటు సంపాదించి, నాటకాల పక్కన నిలబడి నటుల రూపాలు కత్తిరించేది. వేగనర్ ఆమె చేతి నేర్పు గుర్తించాడు. 1918లో వచ్చిన ‘హామెల్న్ ఎలుకలవాడు’కు టైటిల్ కార్డుల నీడబొమ్మలు ఆమెతో చేయించాడు. పిల్లనగ్రోవి వెంట వేల ఎలుకలు ఊరు దాటి వెళ్ళే దృశ్యం ఆ కథకు ప్రాణం. నిజం ఎలుకలు వీధిలోకి వదలగానే తలోదిక్కు పారిపోయాయి. గినీ పందులనే చిన్న పెంపుడు జంతువులకు తోకలు అంటించి ప్రయత్నించారు, అవీ మాట వినలేదు. చివరికి చెక్క ఎలుకలు చేసి, ఒక్కో ఫ్రేముకు అంగుళం అంగుళం జరుపుతూ రైనిగర్, ఆమె తోటివాళ్ళు వాటిని నడిపించారు. తర్వాత వేగనర్ ఆమెను ఒక ప్రయోగశాలకు పరిచయం చేశాడు. 1926లో పూర్తిగా నీడబొమ్మలతో ఆమె తీసిన ‘రాకుమారుడు అహ్మద్’, ఇప్పుడు దొరుకుతున్న పూర్తి నిడివి యానిమేషన్ చిత్రాల్లో అన్నిటికన్నా పాతది. తోలుబొమ్మలాట తెలిసిన కళ్ళకు ఆ సినిమా ఇంకో రకంగా దగ్గరగా అనిపిస్తుంది. వేగనర్ తీసిన జానపద కథల సినిమాలన్నీ కలిపినా, ఈ ఒక్క అమ్మాయిని గుర్తుపట్టడం కన్నా ఎక్కువ విలువ చేయవేమో.

ఇక 1920 అక్టోబర్ 29న బెర్లిన్‌లోని ఊఫా పలాస్ట్ ఆమ్ జో థియేటర్‌లో ‘గోలెం: అతడు లోకంలోకి వచ్చిన వైనం’ విడుదలైంది. కథ గాలీన్‌తో కలిసి, దర్శకత్వం కార్ల్ బోజెతో కలిసి. కెమెరా కార్ల్ ఫ్రాయిండ్. సెట్లు వేసింది హాన్స్ పోల్జిగ్ అనే ఆర్కిటెక్ట్. అంతకు ముందు ఏడాదే ఆయన రైన్‌హార్ట్ కోసం ఒక సర్కస్ భవనాన్ని మహానాటకశాలగా మార్చి, లోపల పైకప్పంతా సున్నపు రాతి ఊడల్లా వేలాడేలా చేశాడు.

అదే ఏడాది ఫిబ్రవరిలో వచ్చిన ‘డాక్టర్ కాలిగారి’తో దీన్ని జతచేసి మాట్లాడటం అలవాటు. పోలిక ఉంది, తేడా ఇంకా పెద్దది. కాలిగారి ఊరు గుడ్డ మీద వేసిన రంగుల బొమ్మ, నీడలు కూడా కుంచెతో గీసినవే. పోల్జిగ్ యూదువాడ చేత్తో పిసికిన మట్టిలా ఉంటుంది. ఇళ్ళు వంగి ఒకదాని చెవిలో ఒకటి ఏదో చెప్పుకుంటున్నట్టు ఉంటాయి. పైకప్పులు యూదు పెద్దల టోపీల్లా కోసుగా లేస్తాయి. మెట్లు శంఖం లోపలి మలుపుల్లా తిరుగుతాయి. నటులు ఆ గోడల పక్కన కాదు, వాటి లోపల నడుస్తారు. పోల్జిగ్ కట్టింది ప్రాగ్ నగరం కాదని, అదొక నగర కావ్యమని, ఒక కల అని వేగనర్ అన్నాడు. మట్టిమనిషి పుట్టే ఊరు కూడా మట్టిలోంచి మొలిచినట్టే ఉండాలన్న ఆ ఒక్క నిర్ణయం సినిమా మొత్తాన్ని నిలబెట్టింది.

నటుడిగా వేగనర్ ఇందులో చేసింది చాలా తక్కువ. ఆ తక్కువలోనే అంతా ఉంది. రబ్బీ మంత్రాక్షరాన్ని నక్షత్రంలో పెట్టి బొమ్మ ఛాతీకి బిగించగానే మొదట కళ్ళు తెరుచుకుంటాయి. ఒళ్ళింకా మట్టే. తర్వాత తల, తర్వాత అడుగు. గోలెం కట్టెలు కొట్టి, బుట్ట పట్టుకుని బజారుకు వెళ్తుంది, పిల్లలు వెంటపడతారు. చక్రవర్తి కొలువులో ఒకామె గులాబీ ఇస్తే దాన్ని వాసన చూస్తుంది. ఆ క్షణంలో మాత్రమే ఆ బండ ముఖం మీద ఏదో మెత్తబడుతుంది. ఈడిపస్‌గా వేల మందికి కనిపించిన ముఖం ఇక్కడ కనురెప్పతో పని కానిస్తుంది. వేదిక మీద ఆ కనురెప్ప మూడో వరసకు కూడా కనిపించదు. కెమెరా దగ్గరికొస్తే పెద్ద ఒళ్ళున్న మనిషి చిన్న కదలికే పెద్దదవుతుందని ఆయనకు తెలిసిపోయింది.

సినిమాలో అన్నిటికన్నా లోతైన దృశ్యం వేరే ఉంది. యూదులు నగరం వదిలిపోవాలని చక్రవర్తి ఆజ్ఞ వేస్తాడు. దాన్ని ఆపించడానికి రబ్బీ కొలువుకు వెళ్ళి, తన జాతి చరిత్రను గోడ మీద కదిలే బొమ్మలుగా చూపిస్తానంటాడు. షరతు ఒక్కటే: ఎవరూ నవ్వకూడదు, మాట్లాడకూడదు. గోడ తెరుచుకుని ఎడారిలో నడిచే జనం కనిపిస్తారు. కొలువులో విదూషకుడు వెకిలి మాట అంటాడు, అందరూ పగలబడి నవ్వుతారు. భవనం కూలడం మొదలవుతుంది. దూలాలను భుజాలతో మోసి వాళ్ళను కాపాడేది గోలెం. ఇది సినిమా లోపల సినిమా. బాధపడినవాళ్ళ కథను తెర మీద చూస్తూ నవ్వేవాళ్ళ పైకప్పు నిలవదని సూటిగా చెబుతుంది. కెమెరాయే కవి అన్న మనిషి నాలుగేళ్ళ తర్వాత రాసిన పద్యం ఇదే అనుకోవచ్చు.

అయితే ఈ సినిమాలో యూదుల చిత్రణ మీద అభ్యంతరాలూ ఉన్నాయి, వాటిని పక్కన పెట్టలేం. రబ్బీ దయ్యాన్ని పిలిచి మంత్రాక్షరం సంపాదిస్తాడు. వాడలోని జనం వ్యక్తులుగా కన్నా మూకగా ఎక్కువ కనిపిస్తారు. యూదులంటే రహస్య విద్యలు తెలిసిన వింత జాతి అనే పాత అపోహకు ఇది బలం ఇస్తుంది. మరోవైపు, కొలువులోని దొరలు పనికిమాలినవాళ్ళుగానూ, వాడ మనుషులు దుఃఖం తెలిసినవాళ్ళుగానూ కనిపిస్తారు. సానుభూతి ఉంది, సమంగా చూసే కన్ను పూర్తిగా లేదు.

ముగింపులో వాడను తగలబెట్టిన గోలెం గేటు బద్దలుకొట్టి బయటికొస్తుంది. పిల్లలందరూ పారిపోతే ఒక్క చిట్టిపాప ఆపిల్ చేతికిస్తుంది. ఎత్తుకుంటే ఆడుకుంటూ ఛాతీ మీది నక్షత్రం లాగేస్తుంది. మట్టి మళ్ళీ మట్టి. పదకొండేళ్ళ తర్వాత హాలీవుడ్‌లో వచ్చిన ‘ఫ్రాంకెన్‌స్టైన్’లో రాక్షసుడి బరువైన నడకలోనూ, అతను పాపతో ఆడుకునే దృశ్యంలోనూ ఈ గోలెం నీడ కనిపిస్తుంది. గాలీన్ 1922లో ‘నోస్ఫెరాటు’ స్క్రీన్‌ప్లే రాశాడు. ఫ్రాయిండ్ ‘మెట్రోపోలిస్’కు పనిచేసి, అమెరికా వెళ్ళి 1931లో ‘డ్రాక్యులా’కు కెమెరా పట్టాడు. ప్రపంచ భయానక సినిమాకు మూలపు వేళ్ళు చాలావరకు ఈ ఒక్క బృందంలోనే ఉన్నాయి.

వేగనర్ మాత్రం ఆ ఎత్తుకు మళ్ళీ చేరలేదు. దర్శకుడు లూబిచ్ సినిమాల్లో అరబ్బు షేక్‌గా, ఇథియోపియా రాజుగా వేశాడు. సొంత కంపెనీ పెట్టి ‘సజీవ బుద్ధులు’ తీస్తే అది 1925లో వచ్చి దెబ్బతింది. ఇప్పుడు దానిలో కొన్ని నిమిషాలే మిగిలాయి. 1926లో ఫ్రాన్స్‌లోని నీస్ నగరంలో రెక్స్ ఇంగ్రమ్ తీసిన ‘మాంత్రికుడు’లో నటించాడు. ఆ యూనిట్లో కుర్రాడిగా పనిచేసిన మైకేల్ పావెల్, తర్వాతి కాలంలో బ్రిటన్‌లో పెద్ద దర్శకుడై, వేగనర్‌కు విగ్రహంలా ఫోజు పెట్టి కళ్ళు పెద్దవి చేయడం తప్ప వేరే తెలియదని ఆత్మకథలో కఠినంగా రాశాడు. మాటలో నిజం లేకపోలేదు. అదే విగ్రహం, అవే కళ్ళు పోల్జిగ్ గోడల మధ్య, ఫ్రాయిండ్ వెలుగులో అంతగా పలికాయి. ఆ గోడలు, ఆ వెలుగు తీసేస్తే ఫోజు మిగిలింది.

1933 తర్వాత బృందం చెదిరిపోయింది. యూదుడైన రైన్‌హార్ట్ దేశం విడిచి, 1943లో న్యూయార్క్‌లో కన్నుమూశాడు. గాలీన్ కూడా జర్మనీ వదిలి చివరికి అమెరికా చేరాడు. రైనిగర్ ఇంగ్లండ్ వెళ్ళింది. పోల్జిగ్ టర్కీకి వెళ్ళే ఏర్పాట్లలో ఉండగానే 1936లో పోయాడు. వేగనర్ మాత్రం బెర్లిన్‌లోనే ఉండిపోయాడు. ‘ప్రాగ్ విద్యార్థి’ రాసిన ఏవర్స్ అప్పటికి నాజీల వైపు వెళ్ళి వాళ్ళ వీరుడొకడి మీద నవల రాశాడు. దాని ఆధారంగా 1933లో వచ్చిన ‘హాన్స్ వెస్ట్‌మార్’ అనే ప్రచార చిత్రంలో కమ్యూనిస్టు నాయకుడి విలన్ వేషం వేసింది వేగనరే. ఇరవై ఏళ్ళ క్రితం ఒక కొత్త కళకు పునాది వేసిన ఇద్దరు ఇలా కలవడం బాధపెట్టే విషయం. ఆ తర్వాత ఆయన కొన్ని మామూలు సినిమాలకు దర్శకత్వం వహించాడు, ప్రభుత్వం ఇచ్చే నట బిరుదు తీసుకున్నాడు. యుద్ధం ఓడిపోతున్న వేళ నాజీ ప్రచార మంత్రి గోబెల్స్ భారీగా తీయించిన ‘కోల్‌బెర్గ్’లోనూ కనిపించాడు. అది 1945 జనవరి 30న విడుదలైంది. ఊరిని శత్రువుకు అప్పగించడానికి సిద్ధపడే ముసలి సైన్యాధికారి వేషం. అప్పటికి ఆయనకు 70 ఏళ్ళు. ఈ సినిమాలు లెక్కలో లేవన్నట్టు ఆయన గురించి రాయడం సరికాదు.

1945 సెప్టెంబర్ 7న, శిథిలాల మధ్య డాయిచెస్ థియేటర్ మళ్ళీ తెర లేపింది. నాటకం లెస్సింగ్ 1779లో రాసిన ‘జ్ఞాని నాథన్’. జెరూసలేంలో ఉండే ఒక యూదు వర్తకుడు మూడు మతాల మధ్య సహనం గురించి మాట్లాడే కథ. నాజీల కాలంలో జర్మన్ వేదికల మీద దాన్ని ఆడనివ్వలేదు. దర్శకుడు ఫ్రిట్స్ విస్టెన్, నాజీల పాలనను బతికి బయటపడ్డ యూదు కళాకారుడు. నాథన్ వేషం వేగనర్‌ది. 1906లో తాను అడుగుపెట్టిన వేదిక మీదే, మూడేళ్ళపాటు ఆ పాత్ర వేస్తూ వచ్చాడు. 1948 జూలైలో నాథన్‌గా నటిస్తూనే వేదిక మీద కుప్పకూలాడు. ప్రదర్శన ఆపేశారు. సెప్టెంబర్ 13న నిద్రలోనే చనిపోయాడు.

యుద్ధం తర్వాత జర్మన్ భాషా వేదికల మీద ఆ నాథన్ పాత్రకు ఎక్కువ పేరు తెచ్చిన నటుల్లో ఎర్న్‌స్ట్ డాయిచ్ ఒకడు. ప్రాగ్‌లో పుట్టిన యూదుడు, 1933లో జర్మనీ వదిలి వెళ్ళి తిరిగొచ్చినవాడు. 1920 నాటి ‘గోలెం’లో, పోల్జిగ్ కట్టిన ఆ వంకర మెట్ల మీద వేగనర్ వెంట పరిగెత్తిన రబ్బీ శిష్యుడు ఆయనే.